ముప్పై రెండు లవంగాలు

గురువారం సాయంత్రం 5 గంటల 52 నిమిషాలకు అతిథిగృహంలో వంటింటి వెనక గది తలుపు తెరిచారు. పొగ బయటికి వచ్చింది. మనిషి రాలేదు.

మంచం మీద యజమానురాలి బావగారు నిద్రపోయిన భంగిమలోనే ఉన్నారు. వయసు డెబ్బై ఒకటి. ముఖంలో భయం లేదు. పెనుగులాడిన గుర్తు లేదు. కాళ్ళవైపు పత్తి పరుపు మంట లేకుండా లోలోపల రగులుతోంది. మంచం పక్కన ఎలక్ట్రిక్ హీటర్. దాని మీద సగం కాలిన దుప్పటి అంచు.

నిప్పు ఆయనను తాకలేదు. పొగే ప్రాణం తీసింది.

శుక్రవారం ఉదయం 9.10కి ఇన్‌స్పెక్టర్ ఆ గది గుమ్మంలో నిలబడి ఇవన్నీ నోట్‌బుక్కులో రాసుకున్నాడు. మధ్యలో రెండుసార్లు ముక్కు చీదుకున్నాడు. నాలుగు రోజులుగా పడిశం. జేబులో మూడు రుమాళ్ళు. మూడూ తడిసిపోయాయి.

ఫోన్ మోగింది. సూపరింటెండెంట్.

"ప్రమాదమేనా?"

"హీటర్ వరకు ప్రమాదమే సార్. నిద్రలో దుప్పటి జారి దాని మీద పడిందని ఫైర్ ఆఫీసర్ అంటున్నారు. సుమారు నాలుగున్నరకు రాజుకుంది."

"అంటే గంటా ఇరవై నిమిషాలు. ఇంట్లో ఎవరూ లేరా?"

"యజమానురాలు బజారుకు వెళ్ళారు. మేడమీద ఒక పళ్ళడాక్టరు అద్దెకుంటాడు. పక్క వంటింట్లో వంటావిడ ఉంది సార్. మూడున్నర నుంచి."

"మధ్యలో తలుపుందా?"

"ఉంది. వంటింటి వైపు నుంచి గడియ పెట్టి ఉంది. తలుపు కింద సందులో గోనెపట్టా కుక్కి ఉంది."



"ఇంకేం కావాలయ్యా నీకు? సాయంత్రం ఐదింటికి నేనే వస్తాను. అప్పటికి అరెస్ట్ కాగితాలు సిద్ధంగా ఉండాలి."

ఫోన్ పెట్టేశాడు. ఇన్‌స్పెక్టర్ ఫోన్ వైపు కోపంగా చూశాడు. తర్వాత రుమాలు వైపు. రెండూ పనికొచ్చేలా లేవు.

"పొద్దున్నే నా ఎడమకన్ను అదిరింది సార్" అన్నాడు హెడ్ కానిస్టేబుల్ పక్కనుంచి. "ఈ కేసు తేలదని అప్పుడే అనుకున్నాను."

"కన్ను అదిరితే నిద్ర చాలలేదని అర్థం. రాత్రి ఎన్నింటికి పడుకున్నావు?"

"ఒంటిగంటకి సార్."

"చూశావా, ఒక కేసు తేలిపోయింది. పద."

*

వంటిల్లు పొడవైన గది. ఒక గోడకు పొయ్యి, దాని మీద ఆరు లీటర్ల స్టీలు గిన్నె. ఆ గిన్నెలోనే ప్రతి శీతకాలం సాయంత్రం ఎర్ర ద్రాక్ష వైను వేడెక్కేది. దాల్చినచెక్క, లవంగాలు, నారింజ తొక్కలు, తేనె. ఆరింటికల్లా హాల్లో గ్లాసులు తిరిగేవి. బయట మంచు పడుతుంటే, ఆ గ్లాసు కోసమే ఈ అతిథిగృహాన్ని ఎంచుకునేవాళ్ళు కొందరు.

దాన్ని కాచే మనిషికి యాభై ఎనిమిదేళ్ళు. ఇరవై రెండేళ్ళుగా ఇదే పొయ్యి. అతిథులు పెట్టిన పేరు లవంగాలక్క. కొలతలు చెప్పమని ఎవరైనా అడిగితే, ముక్కు మీద వేలు పెట్టి చూపించేదట. తూకం, తక్కెడ అన్నీ అదే.

ఇన్‌స్పెక్టర్ స్టూలు లాక్కుని కూర్చున్నాడు.

"నిన్న మూడున్నర నుంచి ఇక్కడే ఉన్నారా అమ్మా?"

"ఉన్నాను బాబూ."

"మధ్యలో ఎక్కడికీ వెళ్ళలేదు?"

"నారింజలు కడగడానికి పంపు దగ్గరికి వెళ్ళాను. అదిగో, ఆ మూల."

"గడియ ఎందుకు పెట్టారు?"

"రోజూ పెడతాను. ఆ తలుపులోంచి చలిగాలి కొడుతుంది. వైను సన్నసెగ మీద ఉండాలి. సెగ ఊగిందంటే ఒకసారి చల్లారిపోతుంది, ఒకసారి మరిగిపోతుంది. మరిగిందా, ఇక అది పళ్ళరసమే. పిల్లలకి పొయ్యొచ్చు."

"గోనెపట్టా?"

"అదీ అందుకే. అమ్మగారినడగండి. నిన్న పుట్టిన అలవాటు కాదు."

"పక్కగదిలో పరుపు కాలుతోంది. మీకు వాసన తగల్లేదా?"

ఆమె చేతిలో గరిటె ఆగింది. మళ్ళీ కదిలింది.

"పనిలో ఉన్నాను. గమనించలేదు."

"గంటా ఇరవై నిమిషాలా?"

"గమనించలేదన్నాను కదా బాబూ."

"ఆయనకీ మీకూ గొడవ అని విన్నాను."

"పోయినవాళ్ళతో గొడవేమిటి?"

"బతికుండగా?"

"ఆయన నోరు ఆయనది. నా గరిటె నాది."

అంతకుమించి ఒక్క ముక్క రాలేదు. ఇన్‌స్పెక్టర్ అదే ప్రశ్నను నాలుగు రకాలుగా అడిగాడు. నాలుగుసార్లూ అదే జవాబు. ఆమె అబద్ధమాడుతోంది. అది ఆమెకూ తెలుసు, అతనికీ తెలుసు. కానీ భయంతో ఆడే అబద్ధం పొంతన లేకుండా ఉంటుంది. ఇది గోడలా ఉంది.

10.20. యజమానురాలు. నిన్నటి నుంచి ఏడ్చి ఏడ్చి గొంతు బొంగురుపోయింది.

"మంగళవారం మా బావగారు గ్లాసు తెచ్చి నా ముందు పెట్టారు. 'ఇది వైనా, కషాయమా? కొత్త మనిషిని చూసుకో' అన్నారు. తలుపు అవతలే ఆవిడ ఉంది. వినే ఉంటుంది."

"మీరేమన్నారు?"

"చూద్దాం అన్నాను. ఇరవై రెండేళ్ళ మనిషి. ఒక్క మాటతో పొమ్మంటానా?"

"ఆవిడ కావాలనే ఊరుకుందని మీ అనుమానమా?"

ఆమె వేళ్ళు కొంగు అంచును మెలిపెట్టాయి.

"నిన్న 5.50కి వీధి గుమ్మంలో అడుగు పెట్టాను. మాడు వాసన గుప్పుమంది. అక్కడి నుంచి ఆ గదికి నలభై అడుగులు. ఆవిడకి నాలుగు. నేనేమనుకోవాలో మీరే చెప్పండి."



11.05. పళ్ళడాక్టరు. సన్నటి మనిషి, శుభ్రమైన గోళ్ళు.

"5.48కి మెట్లు దిగుతున్నాను. వాచీ చూసుకున్నాను."

"ఎందుకు?"

"ఆరు కాకుండా గ్లాసు ఇవ్వదు ఆ మహాతల్లి. మూడో మెట్టు మీదే కమురు వాసన. కేక వేశాను. అప్పుడే యజమానురాలు లోపలికి వచ్చారు. ఇద్దరం పరుగెత్తాం."

"అప్పుడు వంటావిడ ఏం చేస్తోంది?"

"గరిటె తిప్పుతోంది. మేం గడియ తీస్తుంటే, మాకు మతిపోయిందన్నట్టు చూసింది."

"వైను సంగతేమిటి? బాగుండటం లేదటగా?"

డాక్టరు నిట్టూర్చాడు. "ఏం చెప్పమంటారు! పొద్దంతా క్లినిక్కులో లవంగనూనె. సాయంత్రం గ్లాసులో లవంగనూనె. నాలుక మొద్దుబారిపోతోంది. ఆ గ్లాసు తాగాక నా పన్ను నేనే పీక్కోవచ్చు."

"ఎప్పటినుంచి?"

"రెండు నెలలై ఉంటుంది. అంతకుముందు అమృతం. ఒట్టు."

*

ఇన్‌స్పెక్టర్‌కు మాటల మీద నమ్మకం తక్కువ. కొలిచి చూడగలిగిన దాని మీదే గురి. గోనెపట్టా కుక్కిన తలుపు దాటి వాసన నిజంగా వంటింట్లోకి వస్తుందా? ఈ ప్రశ్న ఎవరూ అడగలేదు. రాకపోతే ఆమె చెప్పింది నిజం. కేసు అక్కడితో సరి.

12.40. పాత పరుపులోని పత్తి గుప్పెడు తీసి, ఇనప మూకుడులో రాజేసి, వెనక గదిలో పెట్టించాడు. తలుపు మూశారు. గడియ. గోనెపట్టా. తాను పొయ్యి దగ్గర, సరిగ్గా ఆమె నిలబడే చోట నిలబడ్డాడు. హెడ్ కానిస్టేబుల్ పంపు దగ్గర.

12.45. ఏమీ లేదు.

12.50. ఏమీ లేదు. తలుపు సందుల్లో పొగ జాడ కూడా లేదు.

12.55. ఇన్‌స్పెక్టర్ ముఖంలో ఆ రోజుకు మొదటిసారి వెలుగు వచ్చింది.

"చూశావా! పదిహేను నిమిషాలు. చిన్న వాసన కూడా రాలేదు. ఆవిడ చెప్పింది నిజమే!"

"ఏది రాలేదు సార్?"

"వాసనయ్యా!"

హెడ్ కానిస్టేబుల్ తల గోక్కున్నాడు. "ఎనిమిదో నిమిషం నుంచీ వస్తోంది సార్. ముక్కు పగిలిపోతోంది. మీరు పరీక్షలో ఉన్నారు కదా, మధ్యలో మాట్లాడితే తిడతారని ఊరుకున్నాను."

ఇన్‌స్పెక్టర్ రుమాలును నేలకేసి కొట్టాడు.

కొట్టి ఏం లాభం? పరీక్ష జరిగింది. ఫలితం వచ్చింది. తాను కోరుకున్న ఫలితం మాత్రం కాదు. గోనెపట్టా ఉన్నా వాసన వస్తుంది. ఎనిమిది నిమిషాల్లో వస్తుంది. ఆమెను కాపాడుదామని చేసిన పరీక్ష ఆమె మెడకే చుట్టుకుంది. పైగా పాడైన పరికరంతో పరీక్షకు దిగడం అతని తప్పే. ఆ పరికరం తన ముఖం మీదే ఉంది.

"అరెస్ట్ కాగితాలు తెమ్మంటారా సార్?"

"నోర్ముయ్."

భోజనం సహించలేదు. ఏది నోట్లో పెట్టినా అట్టముక్కలా ఉంది.

2.15. మళ్ళీ వంటింట్లోకి వెళ్ళాడు.

"అమ్మా, నిన్న ఎలా చేశారో అలాగే ఇప్పుడు చేయండి. ఒక్కటి కూడా మార్చొద్దు. నేను టైము రాసుకుంటాను."

"ఇప్పుడు తాగేవాళ్ళెవరు?"

"నేనూ, ఇదిగో వీడూ."

ఆమె పని మొదలుపెట్టింది. వైను గిన్నెలో పోసింది. నారింజ తొక్కను, తెల్లపొర రాకుండా, పొడుగ్గా చెక్కింది. తేనె. దాల్చినచెక్క నాలుగు పుల్లలు. తర్వాత గోడ బీరువా తలుపు కొంచెం తెరిచి లోపలికి తొంగి చూసి మూసేసింది. లవంగాలు అరచేతిలో పోసుకుంది. పెదవులు కదిలాయి. లెక్కపెడుతోంది.

2.31. గిన్నె అంచుకు ఒక థర్మామీటర్ తగిలించింది. గాజు మెరుస్తోంది. కొత్తది.

"ఎంత వేడి ఉండాలి?"

"డెబ్బై డిగ్రీలు. ఎనభై దాకా పోనిస్తే సారమంతా ఆవిరైపోతుంది."

"ఇది లేని రోజుల్లో ఎలా తెలిసేది?"

"తెలిసేది" అంది ఆమె, అంతే.

అలారం గడియారానికి ఇరవై ఐదు నిమిషాలు పెట్టింది. అది మోగగానే సెగ ఆర్పింది. చెంచాతో ఒక చుక్క నాలుక కొన మీద వేసుకుంది. మింగలేదు. నాలుకను పై పళ్ళకు ఆనించి, కళ్ళు మూసుకుని, ఏదో వచ్చేదాకా ఎదురుచూస్తున్నట్టు నిలబడింది.

"అయింది."

2.58. ఇన్‌స్పెక్టర్ తాగాడు. తీపి. పులుపు. గొంతులో వెచ్చదనం. నాలుక కొన సన్నగా తిమ్మిరెక్కింది.

"బాగుందమ్మా. దీనికేం వచ్చింది?"

పక్కన హెడ్ కానిస్టేబుల్ దగ్గుతో మెలికలు తిరిగిపోయాడు.

"సార్... ఇది తాగడానికా, పూసుకోవడానికా?"

"ఏమయింది?"

"లవంగం సార్! మా అత్తగారికి పన్నునొప్పి వచ్చినప్పుడు ఇల్లంతా ఇదే కంపు. మళ్ళీ ఆవిడే వచ్చినట్టుంది!"

ఇన్‌స్పెక్టర్ ఇంకో గుక్క తాగాడు. లవంగం ఎక్కడా లేదు. మూడో గుక్క. తీపి, పులుపు, వేడి. నాలుక మీద తిమ్మిరి. అంతే.

గ్లాసులోకి చూస్తూ ఉండిపోయాడు. చాలాసేపు.

తర్వాత లేచి వెళ్ళి గోడ బీరువా తెరిచాడు.

"అది తియ్యకండి!" ఆ రోజంతా ఆమె గొంతు పెంచడం అదే మొదలు.

తలుపు లోపలివైపు ఒక కాగితం అంటించి ఉంది. పెన్సిలు అక్షరాలు. వైను ఆరు లీటర్లు. దాల్చిన 4. డెబ్బై డిగ్రీలు. ఇరవై ఐదు నిమిషాలు. కింద లవంగాలు. పక్కన 12 అని రాసి కొట్టేసి ఉంది. 18, కొట్టివేత. 25, కొట్టివేత. చివర 32.

ఇన్‌స్పెక్టర్ బీరువా మూసి ఆమె వైపు తిరిగాడు.

"అమ్మా, మీరు దాస్తున్నదేమిటో మీ నోటితోనే చెప్పండి. నాకు పని తగ్గుతుంది, మీకు కష్టం తగ్గుతుంది."

"దాచడానికి నా దగ్గరేముంది?"

"ఐదింటికి మా పెద్దసారు వస్తారు. మిమ్మల్ని జైలుకు పంపిస్తారు."

"పంపించండి. అక్కడా వంటిల్లుంటుందిగా."

ఇన్‌స్పెక్టర్‌కు ఒళ్ళు మండిపోయింది. నేరస్థులు నోరు విప్పకపోతే అర్థముంది. నేరం చేయని మనిషి, చేశానని రాసుకోండి అన్నట్టు కూర్చుంటే ఏం చేయాలి? పద్దెనిమిదేళ్ళ సర్వీసులో ఈ రకం మొండితనం చూడలేదు.

వెళ్ళి యజమానురాలిని ఒకే ఒక్క ప్రశ్న అడిగాడు.

"ఈ మధ్య ఆవిడకి జబ్బు చేసిందా?"

"మూడు నెలల కిందట. పది రోజులు జ్వరం, రొంప. లేచిన మర్నాడే పొయ్యి దగ్గరికి వచ్చేసింది. ఏం?"

"ఏం లేదు. ఐదింటికి అందరూ వంటింట్లో ఉండండి."

*

5.05. సూపరింటెండెంట్ కోటు మీద మంచు దులుపుకుంటూ వచ్చాడు. పొయ్యి మీద వైను వేడెక్కుతోంది. వంటావిడ అందరికీ వీపు పెట్టి గరిటె తిప్పుతోంది. బల్లకు అటువైపు యజమానురాలు, పళ్ళడాక్టరు. హెడ్ కానిస్టేబుల్ కనిపించలేదు.

"కాగితాలేవయ్యా?"

"రెండు నిమిషాలు సార్. ముందు ఈ వైను ఎలా చేస్తారో ఆవిడ చెబుతుంది."

"నేను వంట నేర్చుకోవడానికి వచ్చానా?"

"రెండే నిమిషాలు సార్. చెప్పండమ్మా, తొక్క మీద తెల్లపొర ఎందుకు ఉండకూడదు?"

"చేదెక్కుతుంది" అంది ఆమె తిరగకుండానే. "తొక్కలో ఉండే నూనె కావాలి మనకి. తెల్లపొర కాదు."

"దాల్చినచెక్క పొడి ఎందుకు వెయ్యరు?"

"అడుగున బురదలా పేరుకుంటుంది. పుల్లయితే తీసెయ్యొచ్చు..."

5.11. పళ్ళడాక్టరు తల ఎత్తాడు. అటూ ఇటూ చూశాడు.

5.12. యజమానురాలి కుర్చీ కిర్రుమంది. ఆమె ముఖం తెల్లబోయింది. లేవబోతుంటే ఇన్‌స్పెక్టర్ పెదవుల మీద వేలు పెట్టి కూర్చోమని సైగ చేశాడు.

"...తేనె చివర్లో వేసేవాళ్ళుంటారు. నేను ముందే వేస్తాను. ముందే వేస్తే..."

సూపరింటెండెంట్ గోడ వెంబడి కళ్ళు తిప్పాడు. ఏదో కాలుతోంది. పత్తి. నిన్నటిలాంటిదే. వెనక తలుపు మూసే ఉంది, గోనెపట్టా కుక్కే ఉంది. పొగ కంటికి కనిపించడం లేదు. గది నిండా కమురు కంపు.

"...చెక్కలోకి తీపి దిగుతుంది. అప్పుడే రెండూ కలుస్తాయి."

గరిటె తిరుగుతూనే ఉంది. ఒక్క క్షణం కూడా ఆగలేదు.

అందరూ ఆమె వీపు వైపే చూస్తున్నారు. ఆ నిశ్శబ్దానికి ఆమె తిరిగింది. ఒక్కొక్క ముఖమూ చూసింది. రుమాలు ముక్కుకు అడ్డం పెట్టుకున్న డాక్టరును. కళ్ళనీళ్ళతో ఉన్న యజమానురాలిని. చివరికి వెనక తలుపును చూసింది.

గరిటె చేతిలోంచి జారింది.

"మళ్ళీ కాలుతోందా?" అని అడిగింది.

"ఆర్పెయ్యవయ్యా!" అని కేకేశాడు ఇన్‌స్పెక్టర్. వెనక గదిలోంచి నీళ్ళ చప్పుడు, హెడ్ కానిస్టేబుల్ దగ్గు వినిపించాయి. "భయపడకండమ్మా. మూకుడులో గుప్పెడు పత్తి, అంతే. నేనే పెట్టించాను."

"ఏమిటయ్యా ఇదంతా?"

"నాక్కూడా వాసన తెలియడం లేదు సార్. పడిశం. పత్తి పెట్టించింది నేనే కాబట్టి కాలుతోందని తెలుసు. లేకపోతే ఆవిడలాగే మాట్లాడుతూ ఉండేవాణ్ణి. ఈ ఇంట్లో నాలుగు అడుగుల దూరంలో పరుపు కాలినా తెలియని ముక్కులు ఇవాళ రెండున్నాయి. నాది నాలుగు రోజుల్లో బాగుపడుతుంది."

"నటన కావచ్చుగా?" అన్నాడు సూపరింటెండెంట్. కానీ గొంతులో ఉదయం ఉన్న ధీమా లేదు.

ఇన్‌స్పెక్టర్ బీరువా తలుపు తెరిచి కాగితం చూపించాడు.

"ఇరవై రెండేళ్ళు ముక్కుతో కొలిచిన మనిషి సార్. మూడు నెలల కిందట జ్వరం వచ్చింది. ఆ తర్వాత థర్మామీటరు వచ్చింది, అలారం వచ్చింది, ఈ కాగితం వచ్చింది. వాసన పోతే లవంగంలో మిగిలేది ఒక్కటే, నాలుక మీద తిమ్మిరి. ఆవిడ దాన్ని పట్టుకుని వేలాడింది. తిమ్మిరి చాలలేదనిపించినప్పుడల్లా లవంగాలు పెంచింది. పన్నెండు, పద్దెనిమిది, పాతిక, ముప్పై రెండు. తాగేవాళ్ళకేమో గొంతు మండిపోతోంది. నిన్నటి ప్రమాదం కోసం రెండు నెలల ముందే ఎవరైనా వైను పాడుచేసుకుంటారా సార్? అందరూ ఈ గ్లాసును తిట్టారు. పోయినాయన కషాయమన్నారు. డాక్టరుగారు క్లినిక్కన్నారు. ఎందుకిలా అయిందని మాత్రం ఎవరూ అడగలేదు. నేనూ అడగలేదు. నాకు పడిశం పట్టకపోయి ఉంటే, ఈపాటికి కాగితాల మీద సంతకం పెట్టేసేవాణ్ణి."

వంటావిడ కింద కూర్చుండిపోయింది. గరిటె ఒళ్ళో పెట్టుకుంది.

"తిరిగొస్తుందనుకున్నాను అమ్మగారూ" అంది యజమానురాలితో. "ఇవాళ వస్తుంది, రేపు వస్తుంది అనుకున్నాను. రోజూ పొద్దున్నే లవంగం నలిపి ముక్కు దగ్గర పెట్టుకునేదాన్ని. ముక్కు లేని వంటమనిషిని ఎవరుంచుకుంటారు?"

యజమానురాలు బల్ల అంచు పట్టుకుంది.

"నిన్న మీరు గడియ తీస్తుంటే కూడా నాకర్థం కాలేదు. పొగ చూశాకే తెలిసింది. చెప్పేసి ఉంటే... ఎవరినైనా ఇక్కడ నాకు తోడు పెట్టేవారు. ఆయన బతికుండేవారు. జైలుకి పోతానన్నది ఊరికే అనలేదు."

యజమానురాలు లేచింది. ఆమె పక్కనుంచే నడిచి, ఒక్క మాటైనా అనకుండా గది దాటి వెళ్ళిపోయింది.

సూపరింటెండెంట్ కుర్చీలో కూలబడ్డాడు.

"నువ్వు చెప్పిందంతా సరే. ఇప్పుడు ఎవర్ని అరెస్ట్ చేయమంటావు?"

"ఎవర్నీ కాదు సార్."

"రిపోర్టులో కారణమేం రాస్తావు?"

"హీటర్ అని రాస్తాను. సిగ్గు అని రాయడానికి ఆ ఫారంలో గడి లేదు."

*

బుధవారం సాయంత్రం 5.30కి ఇన్‌స్పెక్టర్ రిపోర్టు మీద యజమానురాలి సంతకం కోసం వెళ్ళాడు. పడిశం తగ్గింది. వీధి గుమ్మంలో అడుగు పెట్టగానే నారింజ, దాల్చిన, వేడెక్కిన ద్రాక్ష వాసనలు ఎదురొచ్చాయి. అక్కడే నిలబడిపోయాడు. ఆ గ్లాసు కోసం మనుషులు మంచులో ఎందుకొస్తారో ఇప్పుడు తెలిసింది.

వంటింట్లో వెనక తలుపు బార్లా తెరిచి ఉంది. గడియ ఊడదీశారు. పైన గోడకు, పొగ వస్తే మోగే అలారం. పొయ్యికి గాలి తగలకుండా మూడువైపులా రేకు అడ్డం పెట్టారు.

యజమానురాలు గిన్నె మీదికి వంగి వాసన చూస్తోంది. వంటావిడ పక్కనే గరిటె పట్టుకుని నిలబడింది. ఇద్దరి మధ్యా మాట లేదు. యజమానురాలు తల పైకెత్తి, చాలన్నట్టు చేయి ఊపింది. వంటావిడ సెగ ఆర్పింది. యజమానురాలు రిపోర్టు తీసుకుని, నిలబడే సంతకం పెట్టి, హాల్లోకి వెళ్ళిపోయింది.

"మాట్లాడుతున్నారా?" అని అడిగాడు ఇన్‌స్పెక్టర్, మెల్లిగా.

"లేదు బాబూ. ఎప్పటికి మాట్లాడతారో తెలీదు." గ్లాసులోకి వైను వంచింది. "కానీ రోజూ ఐదున్నరకి వచ్చి వాసన చూస్తున్నారు."

బీరువా తలుపు తెరిచే ఉంది. కాగితం అక్కడే ఉంది. పెన్సిలుతో రాసిన 32 కొట్టేసి ఉంది. దాని కింద కొత్తగా, ఇప్పుడే సంతకంలో చూసిన దస్తూరీతో, ఇంకుతో రాసి ఉంది. పద్నాలుగు.